ఆకు రాల్చే జైతూన్

మొన్న ఖమీస్ ముషైత్‌లో మా ఇంటికి దగ్గరగా ఉన్న మొక్కల దుకాణంలో ఒక కుండీ ముందు ఆగిపోయాను. అందులో ఉన్నది మొక్క అనడానికి కూడా లేదు. నాలుగు ఎండు పుల్లలు. "ఇది చచ్చిపోయిందా?" అని హిందీలో అడిగాను. దుకాణంలో ఉన్న పాకిస్తానీ పెద్దాయన "నహీ బీబీ, జిందా హై" అంటూ, అది బతికే ఉందని నాకు నమ్మకం కలిగించడానికి బొటనవేలి గోరును పుల్ల మీద ఆనించాడు.

"గీకకు!" అని అరిచాను. అదీ తెలుగులో.

ఆయన బెదిరిపోయి చెయ్యి వెనక్కి తీసుకున్నాడు. మా ఆయన "ఏమైందే నీకు? పానం మంచిగ లేదా?" అన్నాడు. ఏం చెప్పను? యాభై దాటిన ఆడది ఒక పుల్ల కోసం అంత గొంతు చించుకోవడం ఏమిటో నాకైనా అర్థమైతే కదా. కుండీ కొనకుండానే ఇంటికి వచ్చాం. ఆ రోజు కూర మాడింది, చాయ్‌లో చక్కెర మరిచిపోయాను.

నా చిన్నప్పుడు మేం ఈ అరబ్బు దేశంలోనే, ఉత్తరాన తబూక్ పక్కన ఒక పెద్ద తోటలో ఉండేవాళ్లం. మా బాపు అక్కడి స్టోరు చూసేవాడు. పైపులు, మందు డబ్బాలు, ట్రాక్టరు సామాన్లు అన్నీ ఆయన చేతి మీదుగానే పోవాలి. పనివాళ్లు వందమంది దాకా ఉన్నా, కుటుంబాన్ని తెచ్చుకునే భాగ్యం ముగ్గురికో నలుగురికో దక్కింది. ఆ ముగ్గురు నలుగురిలో తెలుగువాళ్లం మేమొక్కళ్లమే. పళ్లు నిలవచేసే చల్లటి గోదాము వెనక మాకు రెండు గదులిచ్చారు. ఎండాకాలంలో ఆ గదులు మగ్గిన పీచు పళ్ల వాసన కొట్టేవి, చలికాలంలో డీజిలు వాసన. ఆ రెండు వాసనలూ నాకు ఇప్పటికీ ఇష్టమే. మా అమ్మకు మాత్రం రెండూ తలనొప్పి.

తబూక్ అంటే ఎడారి, ఎడారంటే మంటలు అనుకుంటారు చాలామంది. డిసెంబరులో వచ్చి చూడమనండి. పొద్దున నల్లా తిప్పితే నీళ్లు రావు, పైపులో గడ్డకట్టి ఉంటాయి. బడి బస్సు ఎక్కేటప్పుడు నేను రెండు స్వెట్టర్లు, మా బాపు మేజోళ్లు వేసుకునేదాన్ని.

తోటలో అల్లరి చేయడానికి చోటుకు కొదవ లేదు. చుక్కచుక్కగా నీళ్లు పోసే పైపులకు అక్కడక్కడా చిన్న తిప్పుడు బిళ్లలుంటాయి. ఒకటి తిప్పి దాక్కునేదాన్ని. పంపు దగ్గరుండే మనిషి నీళ్లెందుకు రావడం లేదో తెలియక వరసంతా తిట్టుకుంటూ నడిచేవాడు. అతను సగం దూరం వచ్చాక మళ్లీ తిప్పేసేదాన్ని. ఈ సంగతి తెలిసింది ఒక్క కాకకే. ఆయన ఎవరికీ చెప్పేవాడు కాదు. "పాపం బిడ్డా, గాయిన కాళ్లు నొత్తయి" అని మాత్రం అనేవాడు.

కాక మా బాపుకు సొంత తమ్ముడు కాదు. జగిత్యాల అవతల ఎక్కడో ఆయన ఊరు, మాది ఇవతల. ఊళ్లో ఉంటే ఒకరికొకరం తెలిసేవాళ్లమే కాదు. ఇక్కడ ఆయన మా బాపును అన్నా అనీ, అమ్మను వదినే అనీ పిలిచాడు కాబట్టి నాకు కాక అయ్యాడు. ఊళ్లో పసుపు, మక్క పండించిన చేతులు. ఇక్కడ బోర్లు తవ్వే పనికని వచ్చి, మొక్కల దగ్గర తేలాడు. పంపుగది వెనక, పైపు చివర కారే నీళ్లకు ఎవరికీ కనబడకుండా నాలుగు పుంటికూర మొక్కలు, అదే గోంగూర, పెంచేవాడు. శుక్రవారం వస్తే ఆ ఆకంతా చేతిరుమాలులో మూటకట్టి తెచ్చేవాడు. అమ్మ పప్పులో వేసి వండేది. ఆ రోజు సర్వపిండి కూడా ఉండేది. తిన్నాక కాక మా టేపు రికార్డరు ముందు కూర్చునేవాడు.

ఆయన ఇల్లు వదిలి వచ్చిన ఐదు నెలలకు కూతురు పుట్టింది. ఆ పిల్లను ఆయన చూడలేదు. నేను చెప్పే చలికాలానికి దానికి మూడేళ్లు నిండాయి. ఊరి నుంచి ఎవరైనా వస్తుంటే కాక భార్య క్యాసెట్టు నింపి పంపేది. అందులో ఆమె మాటలు, ఊరి కబుర్లు, చివర "ఇగో, బాపుతోటి మాట్లాడు" అని పిల్లను ముందుకు తోయడం వినిపించేవి. పిల్ల మాట్లాడేది కాదు. కోళ్ల చప్పుడు వినబడేది, ఎవరో బిందె దించేవారు, ముక్కు ఎగబీల్చిన చప్పుడు ఒకటి వచ్చేది. కాక ఆ ముక్కుచప్పుడు దగ్గర ఆపి, వెనక్కి తిప్పి, మళ్లీ వినేవాడు. "జలుబు జేసింది వదినే పోరికి" అనేవాడు.

నాకు ఒళ్లు మండేది. ఎదురుగా నేనుండగా, గడగడా మాట్లాడేదాన్ని, పద్యాలు చెప్పేదాన్ని, ఎక్కడో ఉన్న మాట రాని పిల్ల ముక్కు ఎగబీలిస్తే ఇంత మురిసిపోవాలా? ఒకసారి ఆ క్యాసెట్టు మీద మా బడి పాట రికార్డు చేయబోయాను. అమ్మ చూసి వీపు మీద ఒకటిచ్చింది.

ఆ ఏడు వసంతంలో ఆయనకు ఛుట్టీ రావాలి. ఛుట్టీ అంటే ఇంటికి పోవడానికి రెండు నెలల సెలవు. పాస్‌పోర్టు యజమాని దగ్గరుంటుంది. ఆయన సంతకం పెట్టి కాగితం చేయిస్తేనే దేశం దాటేది. ఆ యజమానిని అందరూ కఫీల్ అనేవాళ్లు. కాక సంగతి తేలాల్సింది ఒక కంచె మీద.

కఫీల్ అమెరికా పోయినప్పుడు అక్కడి ఎడారిలో ఒక పొద చూశాడట. గాలిని ఆపుతుంది, నీళ్లు తక్కువ తాగుతుంది, జైతూన్ జాతిది, అంటే ఆలివ్. ముచ్చటపడి మొక్కలు తెప్పించి, గేటు నుంచి తన విశ్రాంతి ఇంటి దాకా కంచెగా నాటించాడు. దాన్ని కాక చేతిలో పెట్టి, "చలికాలం దాటించు, ఛుట్టీ కాగితం నేనే చేయిస్తా" అన్నాడు. మాట మంచిదే. కాక ఆ మొక్కలకు గోనెపట్టాలు చుట్టాడు, పొద్దున్నే మంచు దులిపాడు, మేకలు రాకుండా ముళ్లకంప వేశాడు. మొక్కలు నడుమెత్తు పెరిగాయి. బొటనవేలంత లావు కాండం.

నవంబరు వెళ్లేసరికి ఆకులు పసుపెక్కాయి. పది రోజుల్లో అన్నీ రాలిపోయాయి. అరమైలు పొడవున పుల్లలు మిగిలాయి.

తోట మీద అధికారం ఈజిప్టు నుంచి వచ్చిన ఒక ఇంజనీరుది. మొక్కల చదువు చదివినవాడు. అందరూ ముహందిస్ అనేవాళ్లు. చెడ్డవాడు కాదు, నాకు చాక్లెట్లు ఇచ్చేవాడు కూడా. కానీ ఆయన తాతముత్తాతలది జైతూన్ తోట. జైతూన్ ఏడాది పొడవునా పచ్చగా ఉండడం తప్ప ఇంకోలా ఉండడం ఆయన ఎరగడు. కంచె వెంట నడిచి వచ్చి, మా ఇంటికి ఎదురుగా మొక్కల దగ్గరే ఆగి కాకతో తనకొచ్చిన ఉర్దూలో అన్నాడు. "జైతూన్ పత్తా నహీ గిరాతా. ఇది మౌత్. ఖలాస్." జైతూన్ ఆకు రాల్చదు, ఇవి చచ్చాయి, ఇక అయిపోయింది అని.

కాక బెదరలేదు. "గాయినకు జైతూన్ ఎర్క, గీ చెట్టు ఎర్కలేదన్నా" అన్నాడు మా బాపుతో. "మన మోదుగు ఆకు రాల్చదా? టేకు రాల్చదా? గిది గూడ గట్లనే. సచ్చిపోలే."

"మరి ఆయనకు ఎట్ల జెప్తవు తమ్మీ?"

"సూపిస్త."

వంగి, ఒక కాండం మీద గోటితో నువ్వుగింజంత గీకాడు. పైన బూడిదరంగు తొక్క, కింద తడితడిగా పచ్చదనం. నన్ను దగ్గరకు పిలిచి చూపించాడు. "సూడు బిడ్డా. పచ్చగుంటె పానమున్నట్టు. గోధుమరంగుంటె పోయినట్టు." తర్వాత కింది నుంచి తడిమట్టి తీసి ఆ గాటు మీద మెత్తాడు. "గిట్ల మూయాలె. సల్లగాలి తగులొద్దు."

నేను మొదటి మాట మనసులో పెట్టుకున్నాను. రెండో మాట పట్టించుకోలేదు. మట్టి పూయడం నాకు ముసలివాళ్ల చాదస్తంగా తోచింది.

మట్టి మెత్తకముందే ఆ నువ్వుగింజను చూసిన ముహందిస్ నవ్వాడు. ఒక్క మొక్క బతికి ఉంటే అన్నీ బతికినట్టా అన్నాడు. శుక్రవారం నమాజు తర్వాత కఫీల్ వస్తున్నాడు, ఆయనే చూసి చెప్తాడు, చచ్చాయంటే వసంతంలో కొత్తవి నాటి, అవి నిలదొక్కుకున్నాకే నీకు సెలవు అని తేల్చేశాడు. ఆ రాత్రి కాక మా ఇంట్లో అన్నం కలుపుకుంటూ ఉండిపోయాడు, తినలేదు. "గా పెద్దమనిషి కారు దిగకుండనే సూత్తడు వదినే. పుల్లలు సూసి పోతడు" అన్నాడు.

అప్పుడు నాకొక గొప్ప ఆలోచన వచ్చింది. కఫీల్ కారు దిగడు. దిగకపోయినా కనబడేలా పచ్చదనం ఉండాలి. ఒక మొక్కకు కాదు, అన్నిటికీ. ఒక పక్క గీకితే ఆ పక్క నుంచి వచ్చేవాడికే కనబడుతుంది. కాబట్టి చుట్టూరా గీకాలి.

గురువారం బడి సెలవు. మధ్యాహ్నం అమ్మ కునుకు తీస్తున్నప్పుడు వంటింట్లోంచి స్టీలు చెంచా తీసుకుని గేటు దగ్గరికి పోయాను. మొదటి మొక్క దగ్గర కూర్చుని, బెత్తెడు వెడల్పున, కాండం చుట్టూ గాజు తొడిగినట్టు తొక్క వలిచాను. ఎంత అందంగా వచ్చిందనీ! లేత పచ్చ, నిగనిగలాడుతూ. చెంచాకు రానిచోట గోళ్లతో లాగాను. వేళ్ల నిండా జిగురు, గోళ్ల కింద పచ్చటి తొక్క ఇరుక్కుని మంట. రెండోది, మూడోది. అటుగా పోతున్న మేకల మంద ఆగి చూసింది తప్ప మనుషులెవరూ చూడలేదు. పొద్దు వాలేదాకా గేటు దగ్గరి నుంచి నలభై మొక్కల దాకా చేశాను. వెనక్కి తిరిగి చూస్తే వరసంతా పచ్చటి గాజులు తొడుక్కుని నిలబడి ఉంది. కాక పొద్దున చూసి నన్ను ఎత్తుకుని తిప్పుతాడని అనుకున్నాను. ఎవరికీ చెప్పకుండా పడుకున్నాను. అంత సంతోషంగా ఆ తర్వాత నేను ఎప్పుడు పడుకున్నానో గుర్తులేదు.

పొద్దున నేను గేటు దగ్గరికి పరుగెత్తేసరికి కాక అక్కడ ఉన్నాడు. నేల మీద గొంతుక్కూర్చుని ఉన్నాడు. నేను వలిచిన చోటల్లా రాత్రి మంచు పడింది. పచ్చ గాజులు లేవు. కాల్చిన కట్టె రంగు. నలభై మొక్కలకు నలభై గోధుమరంగు పట్టీలు. తొక్క చుట్టూరా పోతే ఆ పైభాగం బతకదని నాకు ఎవరు చెప్పారు?

కాక నన్ను చూశాడు. అరవలేదు. నా చెయ్యి పట్టుకుని తిప్పాడు. గోళ్ల కింద ఇరుక్కున్న తొక్క ఎండి నల్లబడి ఉంది.

"బతికున్నయని సూపిద్దామని" అన్నాను. ఏడుపు రావాలి, రాలేదు.

"ఎర్కయింది బిడ్డా."

జేబులోంచి మొక్కలకు అంటుకట్టే చిన్న చాకు తీశాడు. నా వేళ్లు ఒక్కొక్కటీ పట్టుకుని గోళ్లు కోశాడు. శుక్రవారం. శుక్రవారం గోళ్లు తీస్తే ఇంట్లో లక్ష్మి ఉండదని నమ్మే మనిషి ఆయన. ఒకసారి మా బాపు శుక్రవారం గడ్డం గీసుకుంటే కూడా "అన్నా, ఏంది గిది" అని బాధపడ్డవాడు. పది గోళ్లూ తీసి, ముక్కలు మట్టిలో కప్పి, నా వేళ్లను తన లుంగీ అంచుతో తుడిచాడు.

"నువ్వు గిక్కడికి రాలే. నీకేం ఎర్కలేదు. ఎవలడిగినా గదే మాట" అన్నాడు. "మీ బాపు నౌకరి గీడనే ఉన్నది. ఇంటికి ఉరుకు."

నమాజు తర్వాత తెల్ల బండి వచ్చింది. నేను గోదాము కిటికీలోంచి చూశాను. కాక అనుకున్నట్టు కాకుండా కఫీల్ దిగాడు. దిగి, మొదటి మొక్క కాండాన్ని తానే చేత్తో తాకాడు. ముహందిస్ గట్టిగా అడగడం వినబడింది. కాక చేతులు ముందుకు కట్టుకుని, తలవంచి చెప్పాడు. "నేనే సాబ్. జిందా హై కి నహీ దేఖనే కే లియే." బతికున్నాయో లేదో చూద్దామని నేనే వలిచాను అని. ముహందిస్ ఆ పట్టీలనూ కాక మొహాన్నీ మార్చి మార్చి చూశాడు. మొక్కలు తెలిసిన మనిషి ఎవడూ అలా వలవడని ఆయనకు తెలుసు. మా బాపుకూ తెలుసు, పక్కనే నిలబడి ఉన్నాడు. బాపు కిటికీ వైపు ఒకసారి చూసి తల తిప్పుకున్నాడు. కఫీల్ తిట్టలేదు. విచారంగా తల ఊపి, అరబ్బీలో రెండు మాటలన్నాడు. ఛుట్టీ లేదు. మళ్లీ నాటాలి.

సాయంత్రం అమ్మ నాకు జడ వేస్తూ వేళ్లు చూసింది. "గోళ్లెవలు దీసిండ్రే?"

"కాక."

"శుక్రారం పూటనా? గాయినా?" అమ్మ చెయ్యి జడలోనే ఆగిపోయింది. తర్వాత అల్లడం మొదలుపెట్టింది. మా ఇంట్లో ముగ్గురికీ తెలుసు, ముగ్గురం ఒకరితో ఒకరం ఒక్క ముక్క మాట్లాడుకోలేదు. బాపు ఒక్క మాట చెప్పి ఉంటే కాకకు కాగితం వచ్చేదేమో. మాకు ఆ రెండు గదులు ఉండేవి కావేమో. ఏది జరిగేదో ఎవరికి తెలుసు? నేను బాపును తప్పుపట్టను. ఎనిమిదేళ్లదాన్ని నేను చెప్పొచ్చుగా.

ఇంకొక సంగతుంది, ఇన్నేళ్లలో ఎవరికీ చెప్పలేదు. కాక ఛుట్టీ పోయిందని తెలిసిన క్షణం నాకు మొదట కలిగింది భయం కాదు, సంతోషం. ఆయన ఎక్కడికీ పోడు. వచ్చే శుక్రవారం కూడా పుంటికూర తెస్తాడు. ఆ తర్వాతే భయం, సిగ్గు, అన్నీ వచ్చాయి. మంచి పని చేద్దామనే చెంచా పట్టుకుపోయాను, దాంట్లో అనుమానం లేదు. కానీ ఆ సంతోషం కూడా నాదే కదా.

మార్చిలో నేను ముట్టని మొక్కలన్నీ పూశాయి. ఆకు రాకముందే కొమ్మల నిండా సన్నటి పసుపు పూలు. ముహందిస్ వరస వెంట రెండుసార్లు నడిచాడు, తర్వాత కాక దగ్గరికి వచ్చి భుజం మీద చెయ్యి వేశాడు. నేను వలిచిన నలభై మాత్రం పైన ఎండిపోయాయి. కాక వాటిని నేలమట్టంగా కోస్తే వేరు నుంచి కొత్త చిగుళ్లు లేచాయి. ఏడాది తిరిగేసరికి ఏది ఏదో తెలియనంతగా కలిసిపోయాయి. కఫీల్ సంతోషపడ్డాడు. కానీ ఆ ఏటి కాగితాల గడువు దాటిపోయింది, తర్వాత కొత్త పైపుల పని వచ్చింది, ఆ తర్వాత ఇంకేదో. కాక ఇంటికి పోయేసరికి ఇంకో రెండేళ్లు పట్టింది. ఈలోపు మేమే ఊరికి వచ్చేశాం, బాపుకు వేరే నౌకరీ దొరికింది. వచ్చేటప్పుడు కాక నాకొక ఎండు పీచుగింజ ఇచ్చాడు. దాన్ని ఏ ప్రయాణంలోనో పోగొట్టాను.

పెద్దయ్యాక పుస్తకంలో చదివాను, మన మల్లె కూడా ఆ పొద కుటుంబానిదేనట. అప్పట్నుంచి మల్లెపూలు పెట్టుకోవాలంటే ఏదోలా ఉంటుంది. ఎవరికైనా చెబితే నవ్వుతారు.

కుండీ చూసి వచ్చిన మర్నాడు బాపుకు ఫోను చేసి, కాక నంబరు అడిగాను. "పోయిండు గదనే, రెండేండ్లయింది. నీకు జెప్పలేదా?" అన్నాడు. చెప్పలేదు. ఆయన మరిచిపోయాడో, కావాలనే ఊరుకున్నాడో అడగలేదు. కూతురి నంబరు ఉందన్నాడు, ఇచ్చాడు. అదే, మాట రాని పిల్ల. ఇప్పుడు జగిత్యాలలో బట్టలు కుట్టే దుకాణం నడుపుతోందట.

చేశాను. నేనెవరో చెప్పగానే ఆమె గొంతు మారిపోయింది. "అక్కా! తబూక్ అక్కవా? బాపు మస్తు జెప్తుండె నీ గురించి. గడగడ మాట్లాడుతవట గదా." వెనక కుట్టుమిషను ఆగింది. ఇంటి సంగతులు, పిల్లల సంగతులు చాలాసేపు చెప్పింది. కాక చివరి రోజుల గురించి చెప్పింది. వాళ్లమ్మ అంతకుముందే పోయిందట. చెప్పాల్సిన మాట నా నాలుక మీదే ఉంది. ఆమె ఊపిరి తీసుకోగానే చెబుదామని చూస్తున్నాను.

"అక్కా, నిన్నొకటి అడుగుత, ఏమనుకోకు" అంది. "నాకు మూడేండ్లప్పుడు బాపు వత్తనని టేపుల జెప్పిండు. అమ్మ ఇల్లంత అలికింది. నన్ను దీసుకొని మూడు దినాలు బస్టాండుకు వోయింది. రాలే. ఎందుకు రాలేదంటె సాగు పనున్నదన్నడు. అమ్మ నమ్మలే. గాడ ఇంకెవలో ఉన్నరనుకున్నది. సచ్చెదాక గదే అనుమానం, ఇద్దరికి సరిగ మాటల్లేవు. బాపు ఏం జెప్పకనే పోయిండు. నువ్వు గాడనే ఉన్నవ్ గదా అక్కా. గా ఏడు ఏమైంది, నీకేమన్న ఎర్కనా?"

నోరు తెరిచాను. యాభై ఏళ్లు దాటిన దాన్ని. తిట్టేవాళ్లు లేరు, పోయే నౌకరీ లేదు.

"చిన్నదాన్ని చెల్లే. నాకేం ఎర్కలేదు" అన్నాను.

"గంతే గదా" అంది ఆమె, నన్నే ఓదారుస్తున్నట్టు. "చిన్నపిల్లవు, నీకేం ఎర్కుంటది అక్కా."